షింజుకులో భారత వంటకం: రాస్ బిహారీ బోస్ ప్రవాస జీవితం

టోక్యోలోని షింజుకు, ప్రపంచంలోనే అత్యంత రద్దీ గల రైల్వేస్టేషన్లలో ఒకటి. దాని తూర్పు ద్వారం దాటి కొద్ది నిమిషాలు నడిస్తే నకమురాయ అనే పాత సంస్థ భవనం కనిపిస్తుంది. అక్కడి భోజనశాలలో తెల్లని అన్నం, ఎముకతో ఉన్న కోడి ముక్కలు వేసి వండిన మసాలా కూర వడ్డిస్తారు. దాని పేరు భారతీయ కర్రీ. 1927లో మొదటిసారి ఆ దుకాణంలో అమ్మకానికి వచ్చిన ఆ వంటకాన్ని తినడానికి తరతరాలుగా టోక్యో వాసులు అక్కడికి వస్తూనే ఉన్నారు.

ఆ వంటకాన్ని జపాన్‌కు నేర్పినవాడు వృత్తిరీత్యా వంటవాడు కాదు. బ్రిటిష్ వైస్రాయిపై బాంబు దాడికి పథకం రచించి, తలపై బహుమతి ప్రకటించిన ప్రభుత్వం కన్నుగప్పి, మారుపేరుతో సముద్రం దాటిన విప్లవకారుడాయన. పేరు రాస్ బిహారీ బోస్. ఆజాద్ హింద్ ఫౌజ్ చరిత్రలో, సుభాష్ చంద్రబోస్‌కు నాయకత్వం అప్పగించిన పెద్దగా ఆయన మనకు తెలుసు. జపాన్ సామాన్య ప్రజలకు మాత్రం ఆయన నకమురాయ బోస్. ఒక మనిషిని రెండు దేశాలు రెండు రకాలుగా జ్ఞాపకం ఉంచుకోవడం వెనుక, వలస వచ్చినవారి వంట ఒక దేశపు ఆహారంలో ఎలా కలిసిపోతుందన్న కథ ఉంది.

అటవీ సంస్థ గుమాస్తా

రాస్ బిహారీ 1886 మే 25న బెంగాల్‌లోని బర్ద్వాన్ జిల్లా సుబల్‌దహ గ్రామంలో జన్మించారు. ఆయన బాల్యంలో చాలా భాగం ఫ్రెంచి పాలనలో ఉన్న చందన్‌నగర్‌లో గడిచింది. బ్రిటిష్ చట్టం నేరుగా చేరలేని ఆ పట్టణం అప్పట్లో బెంగాల్ విప్లవ బృందాలకు ఆశ్రయస్థానం. యువకుడైన బోస్ డెహ్రాడూన్‌లోని అటవీ పరిశోధన సంస్థలో గుమాస్తాగా చేరారు. పగలు ప్రభుత్వ కార్యాలయంలో కాగితాలు చూస్తూ, మిగిలిన సమయంలో బెంగాల్, పంజాబ్, ఉత్తర భారత రహస్య సంఘాల మధ్య సంబంధాలను కలుపుతూ ఆయన జీవించారు.

1912 డిసెంబర్ 23న వైస్రాయి లార్డ్ హార్డింజ్ ఏనుగుపై ఊరేగింపుగా కొత్త రాజధాని ఢిల్లీలో ప్రవేశిస్తుండగా చాందినీ చౌక్‌లో బాంబు పేలింది. హార్డింజ్ తీవ్ర గాయాలతో బయటపడ్డారు, వెనుక నిలబడిన పరిచారకుడు మరణించాడు. బాంబు విసిరిన బసంత కుమార్ బిశ్వాస్ వెనుక ఉన్న సూత్రధారి బోస్. ఆయన వెంటనే డెహ్రాడూన్ చేరుకుని, ఏమీ ఎరగనట్టు విధులకు హాజరవడమే కాక, వైస్రాయిపై దాడిని ఖండిస్తూ జరిగిన సభలో కూడా పాల్గొన్నారు. ఆ కేసులో అమీర్ చంద్, అవధ్ బిహారీ, బాల్ ముకుంద్, బసంత కుమార్ బిశ్వాస్‌లను 1915లో ఉరితీశారు. బోస్ మాత్రం పట్టుబడలేదు.

మొదటి ప్రపంచ యుద్ధం మొదలయ్యాక, అమెరికా నుంచి తిరిగివచ్చిన గదర్ వీరులతో కలిసి భారత సైనిక శిబిరాల్లో ఏకకాలంలో తిరుగుబాటు లేవదీయాలని ఆయన సంకల్పించారు. 1915 ఫిబ్రవరి 21ని ముహూర్తంగా నిర్ణయించారు. లోపలి మనిషే సమాచారం చేరవేయడంతో తేదీని 19కి ముందుకు జరిపినా ప్రయోజనం లేకపోయింది. కర్తార్ సింగ్ సరాభా, విష్ణు గణేశ్ పింగళే వంటి సహచరులు ఉరికంబం ఎక్కారు. ఇక దేశంలో తలదాచుకునే చోటు కరువైంది. విశ్వకవి రవీంద్రనాథ్ టాగోర్ జపాన్ వెళ్లాలనుకుంటున్న రోజులవి. ఆయన పర్యటనకు ముందస్తు ఏర్పాట్లు చూడడానికి వెళ్తున్న బంధువునని చెప్పుకుని, పి.ఎన్. టాగోర్ అనే పేరుతో బోస్ 1915 మే 12న కలకత్తాలో జపాన్ ఓడ ఎక్కారు. ఇరవై తొమ్మిదో ఏట విడిచిన మాతృభూమిని ఆయన మళ్లీ చూడలేదు.

రొట్టెల దుకాణం వెనుక గది

జపాన్‌లో అడుగుపెట్టినంత మాత్రాన ఆయనకు రక్షణ లభించలేదు. 1902 నుంచి బ్రిటన్, జపాన్ మిత్రదేశాలు. బోస్ అసలు రూపాన్ని కనిపెట్టిన బ్రిటిష్ రాయబార కార్యాలయం ఒత్తిడి తేవడంతో, ఆయనా, మరో విప్లవకారుడు హేరంబ లాల్ గుప్తా డిసెంబర్ 2లోగా దేశం విడిచిపోవాలని జపాన్ ప్రభుత్వం 1915 నవంబర్ చివర్లో ఆదేశించింది. ఓడ ఎక్కితే దారిలో బ్రిటిష్ రేవుల్లో పట్టుబడడం, ఆపై ఉరి తప్పదు.

అప్పటికే బోస్‌కు టోక్యోలో ప్రవాసంలో ఉన్న చైనా నాయకుడు సన్ యట్ సేన్‌తోనూ, ఆయన ద్వారా తోయామా మిత్సురుతోనూ పరిచయం ఏర్పడింది. పాశ్చాత్య సామ్రాజ్యాలకు ఎదురుగా ఆసియా ఏకం కావాలని వాదించే తోయామా, ప్రభుత్వం సైతం తాకడానికి జంకే తీవ్ర జాతీయవాది. గడువు ముగియబోతున్న రాత్రి బోస్, గుప్తా వీడ్కోలు చెప్పే నెపంతో తోయామా ఇంటికి వెళ్లారు. పోలీసులు వాకిట కాపలా ఉండగానే వారిని వెనుక దారి గుండా తప్పించి, కారులో షింజుకులోని ఒక రొట్టెల దుకాణానికి చేర్చారు. అదే నకమురాయ.

ఆ దుకాణ యజమానులు సోమా ఐజో, ఆయన భార్య కొక్కో. 1901లో టోక్యో విశ్వవిద్యాలయం ఎదుట ఉన్న చిన్న బేకరీని కొనుక్కుని వ్యాపారం మొదలుపెట్టిన దంపతులు వారు. లోపల మీగడ నింపిన బన్నును 1904లో జపాన్‌కు పరిచయం చేసిన ఘనత వారిది. తర్వాత షింజుకుకు మారిన ఆ దుకాణం శిల్పులకు, చిత్రకారులకు, రచయితలకు కూడలిగా పేరు తెచ్చుకుంది. వెనుక పెరట్లో చిత్రకారులు పనిచేసుకునేందుకు కట్టించిన గదిలోనే బోస్, గుప్తాలను దాచారు. మొత్తం సిబ్బందికి సంగతి తెలిసినా ఒక్కరూ బయటపెట్టలేదు. వచ్చినవారికి జపనీస్ రాదు. ఇంగ్లిష్ తెలిసిన కొక్కో వారికి, బయటి ప్రపంచానికి మధ్య దుబాసీగా నిలిచారు.

కొన్ని నెలల తర్వాత బ్రిటిష్ నౌక ఒకటి జపాన్ ఓడను ఆపి అందులోని భారతీయులను పట్టుకుపోయింది. జపాన్ ప్రజల్లో ఆగ్రహం పెల్లుబకడంతో బహిష్కరణ ఆదేశం చల్లబడింది. అయినా బ్రిటిష్ వేగులు వెంటాడడం మానలేదు. బోస్ పదే పదే ఇళ్లు మారుతూ అజ్ఞాతంలోనే బతకవలసి వచ్చింది. ఆయనకు నమ్మకమైన జపాన్ తోడు అవసరమని భావించిన తోయామా, సోమా దంపతుల పెద్ద కుమార్తె తోషికోతో వివాహం ప్రతిపాదించారు. పెళ్లి చేసుకోవడమంటే ఎప్పుడు దాడి జరుగుతుందో తెలియని జీవితంలోకి అడుగుపెట్టడమే. ఆలోచించుకుని నిర్ణయం చెప్పమని తల్లిదండ్రులు కుమార్తెకే వదిలేశారు. ఆమె అంగీకరించారు. 1918లో తోయామా ఇంట్లో, బయటివారికి తెలియకుండా వివాహం జరిగింది. వారికి మసహిదే అనే కుమారుడు, తెత్సుకో అనే కుమార్తె కలిగారు.

1923లో బోస్ జపాన్ పౌరసత్వం పొందారు. చట్టం దృష్టిలో బహిష్కరణ భయం ఆనాటితో తొలగిపోయింది. నలుగురిలో స్వేచ్ఛగా కాపురం చేసే రోజులు వచ్చాయనుకునేలోగా, ఏళ్ల తరబడి చీకటి గదుల్లో గడిపి ఆరోగ్యం చెడిన తోషికో 1925లో కన్నుమూశారు. ఆయన మళ్లీ పెళ్లి చేసుకోలేదు. పిల్లలు అమ్మమ్మ కొక్కో దగ్గర పెరిగారు.

బ్రిటన్ మీదుగా వచ్చిన కర్రీ

బోస్ రాకముందే జపాన్‌కు కర్రీ తెలుసు. కానీ అది భారతదేశం నుంచి రాలేదు. 19వ శతాబ్దపు చివరి భాగంలో, మెయిజీ చక్రవర్తి కాలంలో, పాశ్చాత్య నాగరికతతో పాటు బ్రిటిష్ వంటకంగా అక్కడికి చేరింది. 1872లో అచ్చయిన జపాన్ వంట పుస్తకాల్లోనే దాని ప్రస్తావన ఉంది. ఇంగ్లండ్‌లో డబ్బాల్లో అమ్మే మసాలా పొడిని వెన్నలో వేయించిన గోధుమపిండితో కలిపి, మాంసం, బంగాళాదుంప, క్యారెట్, ఉల్లిపాయతో చిక్కగా ఉడికించి అన్నంపై పోసేవారు. జపాన్ సైన్యం, నౌకాదళం దాన్ని తమ భోజనంలో చేర్చుకున్నాయి. పెద్ద సంఖ్యలో మనుషులకు ఒకే పాత్రలో వండడం తేలిక, కడుపు నింపుతుంది. సైనిక సేవ ముగించుకుని ఊళ్లకు వెళ్లినవారితో ఆ రుచి కూడా దేశమంతా వ్యాపించింది.

అసలు కర్రీ అన్న మాటే మన వంటిళ్లకు బయట పుట్టిన వర్గీకరణ. తెలుగు ఇంట్లో ఇగురు వేరు, పులుసు వేరు, వేపుడు వేరు. బెంగాలీ ఇంట్లో ఝోల్ వేరు, కాలియా వేరు. వీటన్నింటినీ ఒకే పేరు కింద కట్టి, ఒకే పొడి డబ్బాలో బిగించి ప్రపంచానికి పంపింది వలస పాలన. ఆ మాట చుట్టూ తిరిగి, నేడు మన పట్టణాల వీధుల్లో కర్రీ పాయింట్ల బోర్డులపైకి వచ్చింది.

తన దేశాన్ని పాలిస్తున్నవారి చేతుల మీదుగా వచ్చిన ఆ పిండి కూరనే జపాన్ ప్రజలు భారత వంటకమనుకోవడం బోస్‌కు నచ్చలేదు. భారతీయుల వంటలో పిండితో చిక్కదనం తేరు. ఉల్లి, పెరుగు, నెయ్యి, వేయించిన మసాలా దినుసులు, నిదానంగా మగ్గిన మాంసం కలిసి ఆ చిక్కదనాన్ని ఇస్తాయి. అత్తవారింట ఆయన స్వయంగా వండి ఈ తేడా రుచి చూపించేవారు.

మెనూలో ఒక దేశం పేరు

1920ల నడుమ షింజుకు రూపం మారింది. రైలు మార్గాలు పెరిగాయి, పెద్ద డిపార్ట్‌మెంట్ స్టోర్లు వెలిశాయి. వాటి పోటీని తట్టుకోవడానికి, కొనుగోలుదారులు కూర్చుని తినే వసతి కల్పించాలని నకమురాయ నిర్ణయించింది. ఆ భోజనశాలలో అసలైన భారతీయ వంటకాన్ని పెట్టమని బోస్ సూచించారు. 1927 జూన్ 12న భోజనశాల తెరుచుకుంది, స్వచ్ఛమైన భారతీయ పద్ధతి కర్రీ మెనూలోకి ఎక్కింది.

ఇంట్లో పదిమందికి వండిన వంటను దుకాణంలో అమ్మకానికి తేవడం అంత సులభం కాలేదు. ఘాటైన మసాలా వాసన జపాన్ ముక్కుకు కొత్త. ఎముకతో వడ్డించిన కోడి ముక్కను చూసి తినేవారు తడబడ్డారు. మన పొడిపొడిగా ఉండే అన్నం వారి నోటికి రుచించలేదు. ఇక్కడ బోస్, సోమా ఐజో కలిసి తీసుకున్న నిర్ణయాలు గమనించదగినవి. మసాలాను, ఎముకను, వండే తీరును వదులుకోలేదు. బియ్యం విషయంలో మాత్రం పట్టు సడలించి, జపాన్‌లోనే పండే మేలిరకాన్ని ఎంచుకున్నారు. కోళ్ల నాణ్యత కోసం సొంతంగా పెంపకం చేపట్టారు. ఆతిథ్యమిచ్చిన దేశపు అన్నం, అతిథి తెచ్చిన కూర ఒకే పళ్లెంలో చేరాయి.

ధర మరో సాహసం. మామూలు హోటళ్లలో కర్రీ అన్నం 10, 12 సెన్లకు దొరికే రోజుల్లో నకమురాయ కర్రీ వెల 80 సెన్లు. అయినా జనం వచ్చారు. వలస వచ్చినవారి వంట సాధారణంగా చవక తిండిగా మొదలై, తరాల తర్వాత గౌరవం సంపాదించుకుంటుంది. ఇక్కడ మొదటి రోజు నుంచే అది మేలైన భోజనంగా నిలబడింది. ఆనాటికి ప్రపంచ రాజకీయ పటంలో భారతదేశం బ్రిటిష్ సామ్రాజ్యంలో ఒక భాగం మాత్రమే. పరాయి దేశపు పౌరసత్వంతో బతుకుతున్న ఒక భారతీయుడు, టోక్యో నడిబొడ్డున, ఏ సామ్రాజ్యం పేరూ పక్కన లేకుండా తన దేశం పేరును మెనూలో రాయించగలిగాడు. ఆ వంటకానికి ప్రేమ, విప్లవాల రుచి అన్న పేరు స్థిరపడింది.

ఒకే కప్పు కింద ముగ్గురు అతిథులు

నకమురాయ భోజనశాలలో అదే సంవత్సరం కర్రీతో పాటు రష్యా బీట్‌రూట్ సూప్ బోర్ష్ కూడా వచ్చింది. దాని వెనుకా ఒక ప్రవాసి ఉన్నాడు. అంధుడైన రష్యన్ కవి వాసిలీ ఎరొషెంకో కొంతకాలం సోమా దంపతుల ఆశ్రయంలో గడిపారు. 1921లో జపాన్ ప్రభుత్వం ఆయనను దేశం నుంచి వెళ్లగొట్టింది. మనిషి వెళ్లిపోయాడు, సూప్ నిలిచింది. చైనా పద్ధతిలో ఆవిరిపై ఉడికించిన, లోపల కూరిన బన్ను కూడా 1927లోనే ఆ దుకాణంలో చేరి, నేడు జపాన్‌లో ప్రతి వీధి చివరి దుకాణంలో శీతాకాలపు చిరుతిండిగా మారింది.

ఈ కథ ఒక్క నకమురాయది కాదు. జపాన్ గుర్తింపుగా ప్రపంచమంతా చెప్పుకునే రామెన్ నూడుల్స్ చైనా వలసదారుల వంట నుంచి ఎదిగినవే. 1910లో టోక్యోలోని అసాకుసాలో తెరుచుకున్న రైరైకెన్ అనే హోటల్, యొకొహామా చైనా పేట వంటవారితోనే ఆ నూడుల్స్‌కు ప్రాచుర్యం తెచ్చింది. నిప్పులపై మాంసం కాల్చుకుని తినే యాకినికు సంప్రదాయం విస్తరించడంలో రెండో ప్రపంచ యుద్ధం తర్వాత అక్కడే ఉండిపోయిన కొరియన్ల పాత్ర పెద్దది. వంటను ప్రేమించినంత సులభంగా వండినవారిని సమాజం ఆదరించలేదన్నది కూడా ఆ చరిత్రలో భాగం. చైనీయులు, కొరియన్లు ఎదుర్కొన్న వివక్ష ముందు, శక్తిమంతుల అండ దొరికిన బోస్ అనుభవం అరుదైనదే.

ఆ అండకు ఒక వెల కూడా ఉంది. ఆసియా విముక్తి పేరుతో బోస్‌కు ఆశ్రయమిచ్చిన వర్గాలే కొరియాపై పెత్తనాన్ని, చైనాపై దాడిని సమర్థించాయి. 1930ల తర్వాత ఆయన జపాన్ యుద్ధ విధానానికి మరీ దగ్గరగా నిలిచారన్న విమర్శ చరిత్రకారుల్లో ఉంది. తన దేశ స్వాతంత్ర్యం తప్ప మరేదీ ఆయన చూపులో నిలవలేదన్నది సమర్థించేవారి మాట. రెండూ విని అంచనా వేయవలసిన జీవితం ఆయనది.

చూడలేకపోయిన స్వాతంత్ర్యం

1942 మార్చిలో టోక్యోలో, జూన్‌లో బ్యాంకాక్‌లో జరిగిన సమావేశాల ద్వారా తూర్పు ఆసియాలోని భారతీయులను ఇండియన్ ఇండిపెండెన్స్ లీగ్ కింద బోస్ ఏకం చేశారు. అప్పటికి ఆరోగ్యం క్షీణించింది. 1943 జూలై 4న సింగపూర్‌లో ఉద్యమ బాధ్యతలను తనకంటే పదేళ్లు చిన్నవాడైన సుభాష్ చంద్రబోస్‌కు అప్పగించి తప్పుకున్నారు. పదవిని అంత నిరాడంబరంగా వదులుకున్న సందర్భాలు మన జాతీయోద్యమంలో ఎక్కువ లేవు.

1945 జనవరి 21న, 58 ఏళ్ల వయసులో, రాస్ బిహారీ బోస్ టోక్యోలో మరణించారు. జపాన్ ప్రభుత్వం ఉన్నత పురస్కారంతో గౌరవించింది. కొద్ది నెలలకే ఆయన ఏకైక కుమారుడు మసహిదే జపాన్ సైనికుడిగా ఒకినావా యుద్ధంలో ప్రాణాలు కోల్పోయాడు. ఆ ఏడాది మే నెలలో జరిగిన వైమానిక దాడుల్లో నకమురాయ దుకాణం కాలిపోయింది. స్వతంత్ర భారతదేశం ఆయన పేరిట 1967లో తపాలా బిళ్ల విడుదల చేసింది.

యుద్ధానంతరం దుకాణం మళ్లీ లేచింది, కర్రీ మళ్లీ వచ్చింది. బోస్‌తో కలిసి పనిచేసిన కేరళ వాసి ఎ.ఎం. నాయర్ 1949లో టోక్యోలోని గింజాలో భారతీయ భోజనశాల తెరిచారు. అదీ నేటికీ నడుస్తోంది.

జపాన్ ఇళ్లలో మాత్రం బ్రిటన్ దారిన వచ్చిన చిక్కటి కర్రీయే రాజ్యమేలింది. 1963లో ఆపిల్, తేనె చేర్చిన తియ్యటి కర్రీ ముద్దలు, 1968లో వేడిచేసుకుని తినే కర్రీ పొట్లాలు మార్కెట్లోకి వచ్చాక అది పిల్లలకు అత్యంత ఇష్టమైన ఇంటి భోజనమైంది. బోస్ వంట దాన్ని తొలగించలేదు. దాని పక్కన నిలబడి, ఈ కూరకు ఒక పుట్టినిల్లు ఉందని, అక్కడి రుచి ఇలా ఉంటుందని గుర్తుచేసింది. జపాన్ భాషలో ఇంటి కూరను కరే అంటారు. నకమురాయ మాత్రం తన వంటకాన్ని నేటికీ కరీ అనే రాస్తుంది.

1982 జనవరి 22న దేశవ్యాప్తంగా బడిపిల్లలకు ఒకేసారి కర్రీ భోజనం పెట్టిన జ్ఞాపకంగా జపాన్‌లో ఆ తేదీని కర్రీ దినంగా పాటిస్తున్నారు. దానికి ముందు రోజు, జనవరి 21, రాస్ బిహారీ బోస్ వర్ధంతి. రెంటికీ సంబంధం లేదు, తేదీలు అలా కలిశాయంతే. ఆ రోజు కూడా షింజుకులోని నకమురాయ ఎప్పటిలాగే తెరిచి ఉంటుంది. భోజనానికి వచ్చినవారు మెనూ తెరిచి, అందులో భారతదేశం పేరు చూసి, కావలసింది చెబుతారు.